గేమ్‌లను వేరే డ్రైవ్‌కు మార్చినప్పుడు వచ్చే సమస్యలు - పరిష్కారాలు

విండోస్ కంప్యూటర్‌లో సి డ్రైవ్ నిండిపోయి ఎర్ర గీత కనబడగానే చాలామంది అన్నింటికంటే పెద్ద గేమ్ ఫోల్డర్‌ను కట్ చేసి డి డ్రైవ్‌లో పేస్ట్ చేస్తారు. ఫైళ్లన్నీ క్షేమంగానే చేరుతాయి, గేమ్ మాత్రం తెరుచుకోదు. ఇన్‌స్టాల్ అయిన గేమ్ అంటే ఆ ఫోల్డర్ ఒక్కటే కాదు. అది ఎక్కడుందో నమోదు చేసుకున్న చిట్టా మరోచోట ఉంటుంది. ఆ చిట్టా స్టీమ్ వంటి లాంచర్ (గేమ్‌లను దించుకుని తెరిచే ప్రోగ్రామ్) దగ్గర ఉందా, విండోస్ రెజిస్ట్రీలో (ప్రోగ్రామ్‌ల వివరాలను విండోస్ దాచుకునే చోటు) ఉందా అన్నదాన్ని బట్టి పరిష్కారం మారుతుంది. రెడ్ డెడ్ రిడెంప్షన్ 2కు 150 జీబీ ఖాళీ కావాలని దాని తయారీదారులే చెబుతారు. రోజుకు 2 జీబీ మొబైల్ డేటాతో సరిపెట్టుకునేవారికి అది 75 రోజుల డేటా. అందుకే అన్‌ఇన్‌స్టాల్ బటన్ జోలికి పోకముందు కింది విషయాలు ఒకసారి చూసుకోవడం మంచిది.

లక్షణం: ఫోల్డర్ డి డ్రైవ్‌లో ఉంది, లాంచర్ మాత్రం మళ్లీ ఇన్‌స్టాల్ చేయమంటోంది

ఇల్లు మారినా రేషన్ కార్డులో చిరునామా మార్చకపోతే ఏమవుతుందో ఇక్కడా అదే జరుగుతుంది. స్టీమ్‌లో ప్రతి గేమ్‌కూ స్టీమ్‌యాప్స్ ఫోల్డర్‌లో 'యాప్‌మ్యానిఫెస్ట్' అన్న పేరుతో, పక్కన ఒక సంఖ్యతో చిన్న ఫైల్ ఉంటుంది. ఆ సంఖ్య గేమ్ గుర్తింపు సంఖ్య. ఉదాహరణకు జీటీఏ 5 పాత వెర్షన్‌కు 271590. స్టోర్‌లో ఆ గేమ్ పేజీ తెరిస్తే చిరునామాలో ఇదే సంఖ్య కనిపిస్తుంది. గేమ్ అసలు ఫైళ్లు స్టీమ్‌యాప్స్ లోపలి 'కామన్' ఫోల్డర్‌లో ఉంటాయి. మీరు కామన్‌లోని ఫోల్డర్‌ను మాత్రమే తరలించి, ఈ చిన్న ఫైల్‌ను సి డ్రైవ్‌లోనే వదిలేశారు కాబట్టి స్టీమ్ పాత చోటే వెతికి, గేమ్ లేదని తేల్చేస్తోంది.

ముందుగా స్టీమ్ సెట్టింగ్స్‌లోని స్టోరేజ్ పేజీలో డి డ్రైవ్‌ను చేర్చండి. అక్కడ కొత్త లైబ్రరీ ఫోల్డర్ ఏర్పడుతుంది. తరవాత స్టీమ్‌ను పూర్తిగా మూసివేయాలి. విండో మూస్తే సరిపోదు, గడియారం పక్కనున్న గుర్తుపై కుడి క్లిక్ చేసి ఎగ్జిట్ నొక్కాలి. గేమ్ ఫోల్డర్‌ను కొత్త లైబ్రరీలోని కామన్‌లోకి, యాప్‌మ్యానిఫెస్ట్ ఫైల్‌ను కొత్త స్టీమ్‌యాప్స్‌లోకి చేర్చి స్టీమ్‌ను మళ్లీ తెరవండి. ఆ చిన్న ఫైల్ పోయినా కంగారు అవసరం లేదు. ఫోల్డర్ సరైన చోట ఉంటే ఇన్‌స్టాల్ నొక్కి డి డ్రైవ్‌ను ఎంచుకోగానే స్టీమ్ ఉన్న ఫైళ్లను గుర్తించి, తక్కువైనవాటినే దించుకుంటుంది. చివరగా గేమ్ ప్రాపర్టీస్‌లో ఫైళ్ల సమగ్రత తనిఖీని ఒకసారి నడపండి. ఇంకా తరలించనివారికి ఈ శ్రమ ఏదీ అక్కర్లేదు: అదే స్టోరేజ్ పేజీలో గేమ్‌ను ఎంచుకుని మూవ్ నొక్కితే రెండూ కలిసే వెళ్తాయి.

ఎపిక్ లాంచర్‌లో చిట్టా ప్రోగ్రామ్‌డేటా ఫోల్డర్‌లో విడిగా ఉంటుంది. దాన్ని చేత్తో దిద్దడం కంటే లాంచర్ చేతే కొత్తగా రాయించుకోవడం సురక్షితం. తరలించిన ఫోల్డర్ పేరు మార్చి పక్కన పెట్టండి. లాంచర్‌లో పాత నమోదును అన్‌ఇన్‌స్టాల్ చేసి, డి డ్రైవ్‌లో కొత్తగా ఇన్‌స్టాల్ మొదలుపెట్టి, రెండు మూడు శాతం రాగానే రద్దు చేసి లాంచర్‌ను మూసివేయండి. అప్పుడు పక్కన పెట్టిన ఫైళ్లను కొత్త ఫోల్డర్‌లో వేసి, పాతవాటి స్థానంలో ఉంచడానికి అనుమతించి, ఇన్‌స్టాల్‌ను కొనసాగించాలి. లాంచర్ ఫైళ్లను పరిశీలించి, మిగిలినదే దించుతుంది.

ఎక్స్‌బాక్స్ యాప్ గేమ్‌లను చేత్తో తరలించకండి. విండోస్‌యాప్స్ ఫోల్డర్ అనుమతులతో కుస్తీ పడితే మిగతా స్టోర్ యాప్‌లు కూడా చెడిపోవచ్చు. ఆ యాప్‌లోనే మేనేజ్ కింద డ్రైవ్ మార్చే వీలు ఉంది.

లక్షణం: తరలింపు మధ్యలో ఆగి, డిస్క్‌పై రాయలేకపోతున్నామన్న సందేశం వస్తోంది

ఖాళీ ఉందో లేదో అందరూ చూస్తారు. డ్రైవ్ ఫార్మాట్‌ను, అంటే అందులో ఫైళ్లను అమర్చే పద్ధతిని చూసేవారు తక్కువ. పాత ఎక్స్‌టర్నల్ డ్రైవ్‌లలో, పెన్‌డ్రైవ్‌లలో కనిపించే ఫ్యాట్32 పద్ధతిలో ఒక ఫైల్ 4 జీబీని చేరకూడదు. నేటి గేమ్‌లలో అంతకు మించిన ఫైళ్లు మామూలే, కాబట్టి వంద జీబీ ఖాళీ ఉన్నా కాపీ అక్కడే ఆగిపోతుంది. డ్రైవ్‌పై కుడి క్లిక్ చేసి ప్రాపర్టీస్‌లో ఫైల్ సిస్టమ్ వరుస చూడండి. ఫ్యాట్32 అయితే, కమాండ్ ప్రాంప్ట్‌లోని కన్వర్ట్ ఆదేశంతో లోపలి ఫైళ్లను చెరపకుండానే ఆ పరిమితి లేని ఎన్‌టీఎఫ్‌ఎస్ పద్ధతికి మార్చవచ్చు. అయినా ముఖ్యమైన ఫొటోలకు ముందే నకలు తీసి పెట్టుకోవాలి.

ఫార్మాట్ సరిగ్గానే ఉండి, విండోస్ కొత్తగా వేసుకున్నాక ఈ ఇబ్బంది మొదలైతే, డి డ్రైవ్‌లోని ఫోల్డర్ ఇంకా పాత విండోస్ ఖాతా సొంతమై ఉండవచ్చు. ఫోల్డర్ ప్రాపర్టీస్‌లోని సెక్యూరిటీ ట్యాబ్‌లో అడ్వాన్స్‌డ్‌ను తెరిచి, ఓనర్‌గా మీ ప్రస్తుత ఖాతాను పెట్టి, పూర్తి అధికారం ఇవ్వండి.

లక్షణం: గేమ్ తెరుచుకుంటోంది, సేవ్ చేసుకున్న ఆట మాత్రం కనబడటం లేదు

అందరినీ ఎక్కువగా భయపెట్టేది ఇదే, అయితే చాలాసార్లు పోయిందేమీ ఉండదు. జీటీఏ వైస్ సిటీ, శాన్ ఆండ్రియాస్ వంటివి సేవ్ ఫైళ్లను డాక్యుమెంట్స్‌లో తమ పేరుతో ఉన్న ఫోల్డర్‌లోనే ఉంచుతాయి, కనుక గేమ్‌ను ఎక్కడికి మార్చినా అవి చెక్కుచెదరవు. చిక్కల్లా, సేవ్‌లను తన సొంత ఫోల్డర్‌లోనే రాసుకునే పాత గేమ్‌లతో వస్తుంది.

2007లో మార్కెట్‌లోకి వచ్చిన విస్టా నుంచి, మామూలు ప్రోగ్రామ్‌లు ప్రోగ్రామ్ ఫైల్స్ ఫోల్డర్‌లో రాయడాన్ని విండోస్ అడ్డుకుంటోంది. పాత 32 బిట్ గేమ్ అక్కడ సేవ్ చేయబోతే విండోస్ దానికి తెలియనివ్వకుండా ఆ ఫైల్‌ను మీ ఖాతా యాప్‌డేటాలోని లోకల్ ఫోల్డర్‌లో, 'వర్చువల్‌స్టోర్' అన్న చోట దాస్తుంది. గేమ్ చదవబోయినప్పుడు అక్కడి నుంచే తీసి ఇస్తుంది. గేమ్ సి డ్రైవ్‌లో ఉన్నంతకాలం ఈ ఏర్పాటు ఎవరి కంటా పడదు. డి డ్రైవ్‌కు మార్చగానే ఈ దారి మళ్లింపు వర్తించదు; గేమ్ నిజంగానే తన ఫోల్డర్‌లో వెతుక్కుంటుంది, అక్కడ సేవ్‌లు లేవు కాబట్టి మొదటి లెవెల్ నుంచి ఆడమంటుంది.

ఫైల్ ఎక్స్‌ప్లోరర్‌లోని వ్యూలో దాగిన ఫైళ్లను చూపే ఐచ్ఛికాన్ని ఎంచుకుని వర్చువల్‌స్టోర్‌ను తెరవండి. ప్రోగ్రామ్ ఫైల్స్ అన్న ఫోల్డర్ కింద గేమ్ పేరు కనిపిస్తే, అందులోని ఫైళ్లను డి డ్రైవ్‌లోని గేమ్ ఫోల్డర్‌లో అవే ఉపఫోల్డర్లలో కాపీ చేయండి. కట్ చేయకండి, అంతా సరిపోయిందని రూఢి అయ్యేవరకు పాత నకలు అక్కడే ఉండనివ్వండి.

లక్షణం: డీవీడీ నుంచి వేసుకున్న పాత గేమ్, ఇన్‌స్టాల్ కాలేదని చెప్పి మూతపడుతోంది

ఇలాంటి గేమ్‌ల చిరునామా విండోస్ రెజిస్ట్రీలో ఉంటుంది. దాన్ని వెతికి దిద్దవచ్చు గానీ, ఒకే గేమ్ రెండు మూడు చోట్ల నమోదు చేసుకోవడం మామూలే కాబట్టి నేను జంక్షన్ పద్ధతినే సూచిస్తాను. పాత చోట అదే పేరుతో ఒక దారి చూపే గుర్తు పెడితే, గేమ్ తాను సి డ్రైవ్‌లోనే ఉన్నాననుకుంటుంది, ఫైళ్లు మాత్రం డి డ్రైవ్‌లో ఉంటాయి. కమాండ్ ప్రాంప్ట్‌ను అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచి, ఎం, కె అక్షరాల వెంట లింక్ కలిపి రాసే ఆదేశాన్ని స్లాష్ జె గుర్తుతో ఇవ్వాలి. ముందు పాత చిరునామా, తరవాత కొత్త చిరునామా; పేర్లలో ఖాళీలు ఉంటాయి కనుక రెండింటినీ కొటేషన్ గుర్తుల మధ్య రాయాలి. పాత చోట ఆ పేరుతో ఫోల్డర్ మిగిలి ఉంటే ఆదేశం పనిచేయదు. పవర్‌షెల్‌లో నేరుగా ఇచ్చినా పనిచేయదు, చాలామంది ఇక్కడే తికమకపడతారు.

లక్షణం: గేమ్ నడుస్తోంది, కానీ లోడ్ కావడానికి మునుపటికంటే చాలా సమయం పడుతోంది

లోపం గేమ్‌లో లేదు, డ్రైవ్ రకంలో ఉంది. టాస్క్ మేనేజర్‌లోని పెర్ఫార్మెన్స్ ట్యాబ్‌లో డ్రైవ్ అక్షరాల పక్కన అది ఎస్‌ఎస్‌డీయో (చిప్‌లలో దాచే వేగమైన రకం), హార్డ్ డిస్కో (తిరిగే పళ్లెంపై దాచే నెమ్మది రకం) కనిపిస్తుంది. సాటా అనే కనెక్షన్‌తో నడిచే ఎస్‌ఎస్‌డీ సెకనుకు 500 ఎంబీకి పైగా చదివితే, హార్డ్ డిస్క్ 100 నుంచి 200 ఎంబీల మధ్యే తచ్చాడుతుంది. సి, డి, ఇ అని మూడు అక్షరాలు కనిపించినంత మాత్రాన మూడు డిస్క్‌లు ఉన్నట్టు కాదు. దుకాణంలో కంప్యూటర్ అమర్చేటప్పుడే ఒకే డిస్క్‌ను ముక్కలు చేసి ఇవ్వడం మనవైపు రివాజు. ఒకే డిస్క్‌లోని రెండు ముక్కల మధ్య గేమ్‌ను మారిస్తే సి డ్రైవ్‌లో చోటు మిగులుతుంది తప్ప వేగం పెరగదు. ఎక్స్‌టర్నల్ డ్రైవ్ అయితే యూఎస్‌బీ 2.0 పోర్ట్‌కు కాకుండా 3.0 పోర్ట్‌కు తగిలించారో లేదో చూడండి. చాలా కంప్యూటర్లలో దాని లోపలి భాగం నీలం రంగులో ఉంటుంది.

అదే ఎక్స్‌టర్నల్ డ్రైవ్ ఒకరోజు ఎఫ్ అక్షరంతో, మరోరోజు జి అక్షరంతో కనబడి, గేమ్‌లన్నీ లైబ్రరీ నుంచి మాయమైతే, డిస్క్ మేనేజ్‌మెంట్‌లో దానికి స్థిరమైన అక్షరం కేటాయించండి. వర్ణమాల చివరి అక్షరాలలో ఒకటి ఎంచుకుంటే పెన్‌డ్రైవ్‌లు పెట్టినప్పుడు పోటీ ఉండదు. ముందు లైబ్రరీని చేర్చినప్పుడు ఏ అక్షరం ఉండేదో గుర్తుంటే, మళ్లీ అదే ఇవ్వండి. అప్పుడు లాంచర్‌లో ఇంకేమీ మార్చాల్సిన అవసరం ఉండదు.