డ్రాయింగులో కనపడని కారణాన్ని రాసిపెట్టుకోవడం ఎలా

మా అవ్వ పేరు కుప్పమ్మ. నిఘంటువు తీస్తే కుప్ప అంటే రాశి, పోగు అని ఉంటుంది, అంతే. అసలు సంగతేంటంటే ఆమెకు ముందు పుట్టిన బిడ్డలెవరూ దక్కలేదు, అందుకని ఈమె పుట్టగానే చెత్తకుప్ప మీద పడుకోబెట్టి మళ్లీ ఎత్తుకున్నారు, పారేసిన బిడ్డ జోలికి చావు రాదని. పెంటయ్య అనే పేరు వెనకా ఇదే నమ్మకం. పేరుకు అర్థం పుస్తకంలో దొరుకుతుంది, పెట్టిన కారణం మాత్రం పెట్టినవాళ్లతోనే పోతుంది.

ఇంజినీరింగ్ డ్రాయింగులదీ ఇదే బాధ. రేణిగుంట దగ్గర నేను పనిచేసిన చోట, షెడ్డు పైన వేసే 6 మీటర్ల స్టీలు పైపుకు ఒక చివర బ్రాకెట్‌లో గుండ్రటి హోల్, రెండో చివర స్లాట్, అంటే బోల్టు అటూ ఇటూ జరిగే పొడవాటి హోల్, ఇచ్చాం. కొన్నేళ్లకు కొత్తగా చేరిన అబ్బాయి పని తగ్గుతుందని రెండూ గుండ్రంగా మార్చేశాడు, మే నెల ఎండకు వెల్డింగ్ చిట్లింది. పైపు 40 డిగ్రీలు వేడెక్కితే దాదాపు 3 మిల్లీమీటర్లు సాగుతుంది, స్లాట్ ఇచ్చింది అందుకే. అతన్ని తప్పు పట్టలేను. స్లాట్ ఉందని డ్రాయింగు చెప్పింది, ఎందుకుందో మేము రాయలేదు.

అందుకే ఏదైనా నిర్ణయం తీసుకున్న రోజే, చర్చ ఇంకా గుర్తుండగానే, నాలుగు సంగతులు రాయండి: ఏ ప్రశ్న వచ్చింది, ఏయే దారులు చూశాం, ఏది ఎందుకు వద్దనుకున్నాం, ఏం మారితే దీన్ని మళ్లీ ఆలోచించాలి. అందరూ వదిలేసేది మూడోది, నిజానికి అదే ప్రాణం, ఎందుకంటే తర్వాత వచ్చేవాళ్లు సరిగ్గా మనం వద్దనుకున్న దారిలోకే వెళ్తారు. ఈ ఆలోచన కొత్తది కాదు, 1970లోనే హార్స్ట్ రిట్టెల్, వెర్నర్ కుంజ్ అనే పరిశోధకులు ఐబిస్ (IBIS) అనే పద్ధతిలో ప్రశ్న, దానికి వచ్చిన జవాబులు, ఒక్కో జవాబుకు అటూ ఇటూ వాదనలు అని విడదీశారు. సాఫ్ట్‌వేర్‌వాళ్లయితే 2011లో మైకేల్ నైగార్డ్ అనే సాఫ్ట్‌వేర్ ఇంజినీరు చెప్పిన పద్ధతి వాడొచ్చు. ఒక్కో నిర్ణయానికి ఒకటి రెండు పేజీల చిన్న ఫైలు, కోడ్ పక్కనే. నిర్ణయం మారినా పాత ఫైలు తీసేయకండి, దీని బదులు ఫలానాది వచ్చిందని పైన గుర్తు పెట్టండి చాలు.

'మీటింగ్‌లో నిర్ణయించారు' అనేది కారణం కాదు. 'బలం కోసం' కూడా కాదు, ఎంత బరువుకు, ఏ లెక్కతో అన్నది రాయాలి. బడ్జెట్ చాలకో, ఆ సైజు షాపులో దొరక్కో చేసుంటే అదే రాయండి, మొహమాటం వద్దు, రేపు ఆ సైజు దొరికినప్పుడు పనికొచ్చేది ఆ మాటే.

ఇంట్లో పేర్లకూ ఇవే ప్రశ్నలు. ఈ పేరుకు అర్థమేంటని అడిగితే పెద్దవాళ్లు దేవుడి పేరు నాయనా అని ఊరుకుంటారు. ఎవరు పెట్టారు, అప్పుడు ఇంట్లో ఏం జరిగింది, ఇంకే పేరు అనుకున్నారు అని అడగండి. మామగారి పేరే కొడుక్కి పెడితే కోడలు ఆ పేరు నోటితో పలకలేక బుజ్జి అనో చిన్నా అనో పిలిచేది, చాలా ఇళ్లలో రికార్డు పేరొకటి, పిలుపు పేరొకటి ఉండటానికి అదొక కారణం. ఫోన్‌లో రికార్డింగ్ పెట్టుకుని అడగండి. చెప్పింది ఎవరో, ఏ తేదీనో కూడా ఫైలు పేరులోనే ఉండాలి.