చిచెన్ ఇట్సా మాయా శిథిలాలను గైడుతో ఒక్క రోజులో చూసి రావడం ఎలా?

కాన్‌కూన్‌లో ఉదయం ఏడైతే చిచెన్ ఇట్సాలో ఇంకా ఆరే. రెండూ మెక్సికోలోనే ఉన్నాయి, మధ్య దూరం దాదాపు 200 కిలోమీటర్లు. అయినా కాన్‌కూన్ ఉన్న కింతానా రో రాష్ట్రం 2015లో గడియారాన్ని గంట ముందుకు జరుపుకుంది. శిథిలాలున్న యుకతాన్ రాష్ట్రం పాత సమయానికే కట్టుబడి ఉంది. పొద్దున వెళ్లి రాత్రికి తిరిగి రావాలనుకునేవారికి ఈ గంటే పెట్టుబడి. దాన్ని ఎలా వాడుకుంటారన్న దాని మీదే ఆ రోజంతా ఆధారపడి ఉంటుంది.

మొదటిసారి నేను ఆ గంటను వృథా చేసుకున్నాను. చవకగా దొరికిందని ఒక పెద్ద బస్సు టికెట్టు కొన్నాను. బస్సు హోటల్ హోటల్‌కూ ఆగి జనాన్ని ఎక్కించుకుంది. తర్వాత బొమ్మల దుకాణం దగ్గర ముప్పావు గంట, ఆపైన భోజనం. పిరమిడ్ ముందు నిలబడేసరికి ఎండ నడినెత్తికి వచ్చింది. అన్నీ కలిపి చూసింది గంటన్నర. రెండోసారి జాగ్రత్తపడ్డాను. ఆ జాగ్రత్తలే ఇక్కడ చెబుతున్నాను.

1. వీసా సంగతి ముందే తేల్చుకోండి

భారత పాస్‌పోర్టు ఉన్నవారికి మెక్సికో వీసా అవసరం. అయితే చెల్లుబాటులో ఉన్న అమెరికా, కెనడా, బ్రిటన్, జపాన్ లేదా షెంగెన్ వీసా గానీ, ఆ దేశాల శాశ్వత నివాస పత్రం గానీ ఉంటే మెక్సికో వీసా విడిగా అడగరు. అమెరికాలో పనిచేసే మనవాళ్లు నాలుగు రోజుల సెలవు దొరికితే కాన్‌కూన్ వైపు చూడటానికి ఇదీ ఒక కారణం. పాస్‌పోర్టులోని వీసా ముద్ర గడువు దాటిపోయి, పని అనుమతి కాగితం మాత్రమే చేతిలో ఉంటే మాత్రం కుదరదు. నిబంధనలు మారుతుంటాయి కాబట్టి విమానం టికెట్టు కొనే ముందు మెక్సికో రాయబార కార్యాలయం వెబ్‌సైటు ఒకసారి చూడండి.

2. ఏ ఊరి నుంచి బయలుదేరాలి?

సముద్రతీరం కోసం వచ్చేవారు కాన్‌కూన్‌లోనే దిగుతారు. అక్కడి నుంచి బస్సులో రెండున్నర గంటలు. పడమటి వైపున్న మెరిదా నగరం నుంచి గంటన్నర. నన్నడిగితే మాత్రం ముందు రోజు సాయంత్రమే వయ్యదొలీద్ చేరుకుని రాత్రి అక్కడ ఉండమంటాను. అది రంగురంగుల గోడల చిన్న ఊరు. అక్కడి నుంచి శిథిలాలు ముప్పావు గంట దూరమే. పైగా ఆ ఊరు యుకతాన్ సమయంలోనే ఉంటుంది కాబట్టి గడియారంతో తికమక ఉండదు. 2023 డిసెంబరు నుంచి మాయా రైలు కూడా నడుస్తోంది, చిచెన్ ఇట్సాకు స్టేషన్ ఉంది. కానీ గైడుతో వెళ్లేవారికి రైలు కన్నా వ్యానే సుఖం.

3. టూరు ఎంచుకునేటప్పుడు అడగాల్సిన ప్రశ్నలు

ధర గురించి చివర్లో అడగండి. ముందు అడగాల్సింది, శిథిలాల గేటు దగ్గరికి ఎన్ని గంటలకు చేరుస్తారని. గేటు ఉదయం ఎనిమిదికి తెరుస్తారు, సాయంత్రం నాలుగు దాటితే లోపలికి పంపరు. కాన్‌కూన్‌లో ఆరింటికి బయలుదేరిన వ్యాను అక్కడి సమయం ప్రకారం ఏడున్నరకే చేరుతుంది. మొదట చెప్పిన గంట కలిసొచ్చేది ఇక్కడే. పెద్ద బస్సులు వచ్చేది పదిన్నర, పదకొండు మధ్య. అప్పటికి మీరు సగానికి పైగా చూసేసి ఉంటారు.

రెండో ప్రశ్న, శిథిలాల దగ్గర ఎంతసేపు ఉంచుతారని. గైడుతో గంటన్నర, సొంతంగా ఇంకో గంట, అంతకు తగ్గితే ఆ టూరు వద్దు. ప్రకటనలో ఐదు ప్రదేశాల పేర్లుంటే ఎక్కడా సరిగా ఆపరని అర్థం.

మూడోది భాష. "ఇంగ్లిషు, స్పానిష్ రెండూ మాట్లాడే గైడు" అని గొప్పగా రాస్తారు. అంటే ప్రతి మాటా రెండుసార్లు చెబుతారన్నమాట. మీ సమయంలో సగం మీకు అర్థం కాని భాషలో గడుస్తుంది. ఒకే భాష గుంపు దొరికితే కాస్త ఎక్కువైనా ఇవ్వండి.

ఇక ధర. ప్రవేశానికి రెండు రుసుములుంటాయి. ఒకటి కేంద్ర ప్రభుత్వ పురావస్తు సంస్థకు, ఇంకొకటి యుకతాన్ రాష్ట్రానికి. చాలా టూర్ల ధరలో ఇవి కలిసి ఉండవు. పొద్దున్నే బస్సులో వసూలు చేస్తారు, అప్పుడు వాదించి లాభం లేదు. కొనేటప్పుడే అడిగి, జవాబును సందేశం రూపంలో దాచుకోండి.

ఆదివారం మెక్సికన్లకు పురావస్తు సంస్థ రుసుము ఉండదు. ఊళ్లకు ఊళ్లు కదిలి వస్తాయి. ఆ రోజు వెళ్లకండి.

4. సంచిలో ఏం పెట్టుకోవాలి?

టోపీ, నీళ్లు, కొంత పెసోల నగదు, అడుగు పట్టు బాగున్న బూట్లు, ఈతకు బట్టలు, తువ్వాలు. బస్సులో ఏసీ వణికిస్తుంది కాబట్టి ఒక శాలువా. డ్రోను తీసుకెళ్లకండి, ఎగరేయనివ్వరు. నవంబరు నుంచి ఫిబ్రవరి వరకు వాతావరణం హాయిగా ఉంటుంది. ఏప్రిల్, మే నెలల ఎండ మన రామగుండం ఎండను గుర్తుచేస్తుంది. ప్రధాన మైదానంలో నీడ దాదాపు ఉండదు.

5. లోపల ఏ వరుసలో చూడాలి?

గైడుతో వెళ్తే వరుస ఆయనే చూసుకుంటాడు, నిజమే. కానీ ఎక్కడ ఏం అడగాలో మీకు తెలిస్తే ఆయన కూడా ఉత్సాహంగా చెబుతాడు.

అందరినీ ముందుగా తీసుకెళ్లేది కుకుల్కాన్ అనే ఈకల పాము దేవుడి పిరమిడ్ దగ్గరికి. ఎత్తు సుమారు 30 మీటర్లు. నాలుగు వైపులా ఒక్కో వైపు 91 మెట్లు, పైనున్న వేదికను కలిపితే 365. మాయా సంవత్సరంలో ఇరవై రోజుల నెలలు 18, మిగిలినవి ఐదు రోజులు. పిరమిడ్‌కు తొమ్మిది అంతస్తులున్నాయి, మెట్ల వరుస ఒక్కో అంతస్తునూ రెండుగా చీలుస్తుంది. లెక్కపెట్టి చూడండి, ఒక ముఖాన 18 వస్తాయి. పంచాంగాన్ని రాతితో కట్టారనిపిస్తుంది. ఎక్కడానికి మాత్రం 2006 నుంచి అనుమతి లేదు. ఇప్పుడు కనిపించే పిరమిడ్ లోపల ఇంకో పిరమిడ్, దాని లోపల ఇంకొకటి ఉన్నాయి. మధ్యదానిలో పచ్చరాయి కళ్లతో ఎర్రటి జాగ్వార్ సింహాసనం ఉంది, సందర్శకులకు చూపించరు.

ఉత్తరం వైపు మెట్ల ఎదుట నిలబడి గైడు చప్పట్లు కొడతాడు. తిరిగొచ్చే ప్రతిధ్వని పక్షి కూతలా ఉంటుంది. కెత్సాల్ అనే పవిత్ర పక్షి గొంతు అదేనంటారు. కావాలనే అలా కట్టారా, కాకతాళీయంగా కుదిరిందా అన్నది వేరే చర్చ. కూత మాత్రం నిజం. పగలూ రాత్రీ సమానంగా ఉండే మార్చి, సెప్టెంబరు విషువత్తుల సాయంత్రం అవే మెట్ల పక్క గోడ మీద వెలుగునీడలు పాములా జారుతూ కింద ఉన్న రాతి పాము తలను చేరతాయి. ఆ రోజున ఇసుక వేస్తే రాలనంత జనం. అటూ ఇటూ కొద్ది రోజుల్లోనూ ఆ దృశ్యం కనిపిస్తుంది కాబట్టి అసలు తేదీని వదిలేసి వెళ్లండి.

తర్వాత బంతి మైదానం. పొడవు సుమారు 168 మీటర్లు. రెండు గోడల మీదా ఎత్తున రాతి వలయాలుంటాయి. రబ్బరు బంతిని తుంటితో కొడుతూ ఆడేవారు. ఐరోపా వాళ్లు రబ్బరు ముఖమైనా చూడక ముందే ఇక్కడివాళ్లు చెట్టు పాలలో ఒక తీగ రసం కలిపి సాగే బంతులు చేసేవారు. "గెలిచిన జట్టు నాయకుడి తల నరికేవారు, అది వారికి గౌరవం" అని ఇక్కడ గైడు తప్పకుండా చెబుతాడు. గోడ అడుగున చెక్కిన శిల్పాన్ని మీరే చూడండి. తల తెగిన ఆటగాడు ఉన్నాడు, మెడ నుంచి నెత్తురు పాములై, పూల తీగలై పారుతోంది. అతను గెలిచాడో ఓడాడో ఆ రాయి చెప్పదు. "అది మీకెలా తెలుసు?" అని మర్యాదగా అడిగి చూడండి. మంచి గైడైతే నవ్వి అసలు సంగతి చెబుతాడు.

మెక్సికో పర్యాటక శాఖ గుర్తింపు కార్డు మెడలో ఉన్న గైడులు గేటు దగ్గర కూడా దొరుకుతారు. వారిలో మాయా భాష ఇంట్లో మాట్లాడేవారు ఉంటారు. అలాంటివారు దొరికితే మీ అదృష్టం. "అదృశ్యమైన మాయా జాతి" అని పత్రికల్లో చదువుతుంటాం కదా, ఆ జాతి మనుషులు మీకు టికెట్టు చింపి ఇస్తారు, కొబ్బరి బోండాం కొట్టి ఇస్తారు. యుకతాన్ మాయా భాష మాట్లాడేవారు ఈనాటికీ ఏడు లక్షలకు పైగా ఉన్నారు. "దియోస్ బొటిక్" అంటే కృతజ్ఞతలు. ఆ ఒక్క మాట నేర్చుకుని వెళ్లండి.

గైడును తప్పక అడగాల్సినవి ఇంకో రెండున్నాయి. ఒకటి సున్నా. మన దేశంలో సున్నా పుట్టిందని బడిలో చదువుకున్నాం. మాయా వారు మనతో ఏ సంబంధమూ లేకుండా తమ సున్నాను తామే కనిపెట్టారు. చుక్క అంటే ఒకటి, గీత అంటే ఐదు, చిప్ప ఆకారం అంటే సున్నా. మన లెక్క పదుల్లో సాగితే వారిది ఇరవైల్లో. మీ పుట్టిన సంవత్సరాన్ని ఆ గుర్తులతో మట్టిలో రాసి చూపమనండి. ఇక రెండోది సపోటా. మన పెరళ్లలో కాసే సపోటా పుట్టిల్లు ఈ ప్రాంతమే. దాని కలప ఎంత గట్టిదంటే గుడి ద్వారాల పైన రాతి బరువు మోసే దూలాలుగా వాడారు. వందల ఏళ్లు గడిచినా కొన్ని నిలిచి ఉన్నాయి. చూయింగ్ గమ్‌కు ఒకప్పుడు వాడిన బంక కూడా ఈ చెట్టు పాలే.

మైదానం నుంచి ఉత్తరంగా తెల్ల బాట మీద కొద్దిసేపు నడిస్తే పవిత్ర బావి. యుకతాన్ నేలంతా సున్నపురాయి, వాన నీరు నిలవదు, పైన నదులు లేవు. గుహల కప్పు కూలిన చోట భూగర్భజలం బావిలా బయటపడుతుంది. దాన్ని సెనోటే అంటారు. ఊరి పేరుకు అర్థం కూడా ఇట్సా అనే మాయా తెగవారి బావి నోటి దగ్గర అనే. సుమారు 60 మీటర్ల వెడల్పున్న ఈ బావిలోంచి 20వ శతాబ్దం తొలి ఏళ్లలో ఎడ్వర్డ్ థామ్సన్ అనే అమెరికన్ పూడిక తీయించాడు. బంగారం, పచ్చరాళ్లు, కోపల్ అనే సాంబ్రాణి వంటి ధూపం ముద్దలు, మనుషుల ఎముకలు బయటపడ్డాయి. చాలా భాగం హార్వర్డ్ మ్యూజియానికి తరలిపోయింది, కొంతే తిరిగి వచ్చింది. ఇక్కడ ఈత లేదు.

గైడు వెళ్లిపోయాక మిగిలిన గంటలో దక్షిణం వైపు వెళ్లండి. అక్కడున్న గుండ్రటి వేధశాల, అంటే నక్షత్రాలను గమనించే కట్టడం దగ్గర జనం పలచన. చెట్ల నీడ కూడా ఉంటుంది.

6. బేరాలు

దారి పొడుగునా దుకాణాలే. హఠాత్తుగా జాగ్వార్ గాండ్రింపు వినిపిస్తే బెదరకండి, అది చెక్క ఈల. కొనాలనుకుంటే చెప్పిన ధరలో సగం దగ్గర మొదలుపెట్టండి. కొనాలని లేకపోతే "నో, గ్రాసియస్" అని ఆగకుండా నడవండి.

7. భోజనం, ఆపైన బావిలో స్నానం

మధ్యాహ్నం బస్సు పిస్తే అనే ఊళ్లోనో దగ్గర్లోనో ఆగుతుంది. అక్కడి పేరున్న వంటకం కొచినీతా పిబిల్. పంది మాంసానికి జాఫ్రా గింజల ముద్ద, పుల్ల నారింజ రసం పట్టించి, అరటాకుల్లో చుట్టి వండుతారు. శాకాహారులు "సిన్ కార్నే" (మాంసం లేకుండా) అంటే చాలదు, "సిన్ మాంతెకా" (పంది కొవ్వు లేకుండా) అని కూడా అనాలి. అక్కడ చిక్కుడు గింజల ముద్దను తరచూ పంది కొవ్వుతో వేయిస్తారు. గుడ్డు తినేవారికి గుమ్మడి గింజల పచ్చడిలో ముంచిన పపద్జులెస్ అనే గుడ్డు చుట్టిన మొక్కజొన్న రొట్టెలు ఉంటాయి. హబనేరో మిరప పచ్చడి విషయంలో గుంటూరు ధైర్యం పనికిరాదు. మిరపకాయ మనకు వచ్చిందే ఈ ఖండం నుంచి, పుట్టింటివాళ్ల దగ్గర గొప్పలు పోకండి.

ఈతకు చాలా టూర్లు ఇక్ కిల్ అనే సెనోటేకు తీసుకెళ్తాయి. నీళ్లు నేల మట్టానికి సుమారు 26 మీటర్ల కింద ఉంటాయి. మెట్లు తడిగా ఉంటాయి, మోకాళ్ల నొప్పులున్నవారు పైనుంచి చూసినా అందమే. దిగే ముందు స్నానం చేసి ఒంటికి రాసుకున్న క్రీములన్నీ కడిగేసుకోవాలి. చుట్టుపక్కల ఊళ్లు తాగేది కూడా ఈ భూగర్భజలమే. లోతు 40 మీటర్లకు పైనే, ఈత వచ్చినా లైఫ్ జాకెట్ వేసుకోండి.

8. తిరుగు ప్రయాణం

గైడుకూ డ్రైవరుకూ చిన్న బక్షీసు ఇవ్వడం అక్కడి రివాజు, పెసోల్లో ఇస్తే సంతోషిస్తారు. పొద్దున కలిసొచ్చిన గంటను ఇప్పుడు తిరిగి ఇచ్చేయాలి. సాయంత్రం ఐదింటికి బయలుదేరితే కాన్‌కూన్ చేరేసరికి అక్కడ ఎనిమిదిన్నర. ఆ రాత్రికి విమానం మాత్రం పెట్టుకోకండి.