ఉద్దెర మాల్‌కి పైసలు రాకుంటే దావా ఎట్ల వేయాలి

రాణిగంజ్‌లో పైపులు, వాల్వులు అమ్మే హోల్‌సేల్ షాపులో లెక్కలు రాస్తాను. మా సగం వ్యాపారం ఉద్దెరే. బాకీ మొండికేసినాక సేటు వకీలు దగ్గరికి పరుగెత్తుతాడు, వకీలు మొదట అడిగేది నా దగ్గరి కాగితాలు. మాల్ పోయిన రోజు ఏం రాసిపెట్టుకున్నామో దాన్నిబట్టే దావా నిలుస్తుంది.

ముందు తారీఖు చూడండి. మాల్ ముట్టిన రోజు నుంచి మూడేళ్లలోపు దావా పడాలి. 30 రోజుల గడువిచ్చి అమ్మితే, ఆ గడువు తీరిన రోజు నుంచి మూడేళ్లు. ఏ బిల్లు లెక్క ఆ బిల్లుదే. ఖాతా నడుస్తోంది కదా అని ఊరుకుంటే పాత బిల్లులు ఒక్కొక్కటే కాలదోషం పట్టిపోతాయి.

గడువు నిండకముందే కొన్నవాడు ‘ఇంత బాకీ ఉన్నాను’ అని రాతలో ఒప్పుకుని సంతకం పెడితే మాత్రం, ఆ రోజు నుంచి మళ్లీ మూడేళ్లు వస్తాయి. అందుకే ఏప్రిల్ రాగానే ప్రతి పార్టీ లెడ్జర్ కాపీ తీసి, కింద బాకీ అంకెల్లో, అక్షరాల్లో రాసి పంపుతాను. ‘‘ఆడిటర్ అడుగుతుండన్నా, లెక్క చూసి ఒక సంతకం పెట్టు’’ అంటే ఎవరూ కాదనరు. మాటామాటా అనుకున్నాక అడిగితే పెన్ను కూడా ముట్టరు. కొంత నగదు ఇచ్చిపోయినప్పుడు కూడా మన పుస్తకంలో మనం జమ రాసుకుంటే గడువు పెరగదు, కట్టినవాడి చేతిరాతో సంతకమో కావాలి. చెక్కు తీసుకుంటే ఈ బాధ లేదు.

ఇక మాల్ ముట్టినట్టు రుజువు. ట్రాలీ ఆటోలో సైటుకు పోయిన పైపుల చలాన్ మీద వాచ్‌మన్ ఒక గీత గీస్తాడు. పేరుండదు, ముద్రుండదు. రేపు కోర్టులో ‘మాకు రాలేదు’ అంటారు. సంతకం కింద పేరు, ఫోన్ నంబరు రాయించమని డ్రైవర్లకు చెప్పిచెప్పి నా నోరు నొప్పి పుట్టింది. అప్పుడు ఆదుకునేది జీఎస్టీ. ఆ బిల్లు మీద ఇన్‌పుట్ క్రెడిట్ (కొన్నప్పుడు కట్టిన జీఎస్టీని తన పన్నులో తగ్గించుకోవడం) వాడుకున్నవాడు మాల్ రాలేదనలేడు. పైగా బిల్లు తారీఖు నుంచి 180 రోజుల్లో మనకు కట్టకుంటే ఆ క్రెడిట్‌ను వడ్డీతో తిరిగి కట్టాలి. లాయర్ నోటీసులో ఈ ముక్క రాయించండి, ఫోన్ ఎత్తనివాడు కూడా ఎత్తుతాడు. వాట్సాప్ ఆర్డర్లుంటే భారతీయ సాక్ష్య అధినియం 63వ సెక్షన్ సర్టిఫికెట్ (ఆ మెసేజ్‌లు ఏ ఫోన్‌లోంచి వచ్చాయో చెప్పే ధ్రువీకరణ) జతచేయాలి, కాబట్టి ఫోన్ మార్చేముందు ఆలోచించండి.

మీది పార్టనర్‌షిప్ ఫర్మ్ అయితే అది రిజిస్టరై ఉండాలి. లేకుంటే బాకీ ఎంత నిజమైనా దావా చెల్లదు.

బాకీ 3 లక్షలు, ఆపైన అయితే కమర్షియల్ కోర్టుకు పోవాలి. అర్జెంటు ఉత్తర్వు ఏదీ అడగనప్పుడు, ముందు న్యాయసేవాధికార సంస్థలో మధ్యవర్తిత్వానికి దరఖాస్తు పెట్టాల్సిందే. అది లేకుండా వేసిన దావాను తిరస్కరించాలని 2022లో సుప్రీంకోర్టు తేల్చింది. అక్కడ గడిచిన కాలం మూడేళ్లలో లెక్కకు రాదు. అవతలివాడు రాకుంటే రాలేదని రిపోర్టిస్తారు, అది పట్టుకుని దావా వేయొచ్చు. 3 లక్షలకన్నా చిన్న బాకీకి మామూలు సివిల్ దావా చాలు.

రాతపూర్వక ఒప్పందమో, ప్రామిసరీ నోటో, చెక్కో చేతిలో ఉంటే సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 37 కింద సమ్మరీ దావా (తొందరగా తేలే దావా) పడుతుందేమో వకీలును అడగండి. అందులో ప్రతివాది సమన్లు అందిన పది రోజుల్లో హాజరవ్వాలి, వాదించుకోవడానికి కూడా కోర్టు అనుమతి కావాలి. చెక్కు బౌన్సయితే క్రిమినల్ కేసు వేరు. దానికి బ్యాంకు మెమో అందిన 30 రోజుల్లోపే నోటీసు పోవాలి.

డిక్రీ (బాకీ కట్టమనే కోర్టు తీర్పు) వచ్చిందని స్వీట్లు పంచకండి. పైసలు రావాలంటే మళ్లీ ఈపీ (డిక్రీ అమలు చేయించే పిటిషన్) వేయాలి, దానికి 12 ఏళ్ల గడువుంది. బ్యాంకు ఖాతా జప్తు చేయించాలంటే నంబరు మనమే చెప్పాలి. అందుకే ప్రతి పార్టీ మొదటి చెక్కు జిరాక్స్ ఫైల్లో పెడతాను. ఖాతా మార్చేశాడా, ఆస్తులేమున్నాయో అఫిడవిట్ మీద చెప్పించమని అదే కోడ్‌లోని ఆర్డర్ 21 కింద కోర్టునడగొచ్చు. దావా నడుస్తుండగానే ప్లాటు అమ్ముకుంటున్నాడని తెలిస్తే తీర్పుదాకా ఆగకుండా ముందస్తు జప్తుకు దరఖాస్తు పెట్టండి, కానీ ఆ అమ్మకం మీ బాకీ ఎగ్గొట్టడానికేనని చూపాలి.