హైదరాబాద్ పాత గోరీలు, సమాధులు: చూడటం, చదవడం, రాసిపెట్టుకోవడం ఎలా

హైదరాబాద్‌లో పాత సమాధులు అనగానే చాలామంది ఇబ్రహీంబాగ్ వెళ్లి కుతుబ్‌షాహీల గుంబజుల ముందు నాలుగు ఫొటోలు దిగి వచ్చేస్తారు. వెళ్లడం మంచిదే, మొదలు అక్కడి నుంచే పెట్టమని నేనూ చెబుతాను. కానీ ఈ ఊరిని ప్లాన్ వేసి కట్టించిన దివాను, నిజాం దగ్గర కొలువు చేసిన ఫ్రెంచి జనరల్, ఇక్కడే కన్నుమూసిన ఆర్మేనియన్ వ్యాపారులు, కలరాతో పోయిన తెల్ల సిపాయిల పిల్లలు, ఉర్దూ కవులు అందరూ ఈ ఊరి మట్టిలోనే ఉన్నారు, వాళ్లలో చాలామంది సమాధుల దగ్గర టికెట్ కౌంటర్ ఉండదు, బోర్డు ఉండదు, గైడూ ఉండడు. రాయిని చదవడం మనకే రావాలి. ఉర్దూ, ఫార్సీ రాకపోయినా సగం విషయం పట్టుకోవచ్చు, ఎలాగో కింద చెబుతున్నాను.

ముందు ఒక్కరోజులో అన్నీ చుట్టేయాలనే ఆలోచన మానుకోండి. దిక్కుల వారీగా విడగొట్టుకుంటే సరిపోతుంది: గోల్కొండ వైపు ఒక పూట, పాతబస్తీ నుంచి సంతోష్‌నగర్ దాకా ఒక రోజు, మౌలాలి, సికింద్రాబాద్ కలిపి ఇంకో రోజు. నవంబరు నుంచి ఫిబ్రవరి దాకా హాయిగా తిరగొచ్చు. వానాకాలంలో పాత శ్మశానాల్లో గడ్డి నడుము దాకా పెరుగుతుంది, పాములుంటాయి, రాళ్ల మీద నాచు జారుతుంది, కాబట్టి బూట్లు లేకుండా ఆ సీజన్లో వెళ్లొద్దు. రోజులో అయితే పొద్దున తొందరగా గానీ సాయంత్రం గానీ వెళ్లాలి. ఎండ తగలడం ఒక కారణం, అంతకన్నా పెద్ద కారణం వెలుతురు. ఏటవాలుగా పడే వెలుగులో అరిగిపోయిన అక్షరాలు కూడా నీడతో పైకి లేస్తాయి, మిట్టమధ్యాహ్నం అదే రాయి మీద ఏమీ కనపడదు.

కుతుబ్‌షాహీల గుంబజుల దగ్గర కనీసం మూడు గంటలు పెట్టుకోండి. గోల్కొండ బంజారా దర్వాజా నుంచి దగ్గరే. అందరూ పెద్దదైన మహమ్మద్ కులీ గుంబజు దగ్గరికి పరిగెడతారు, మీరు మాత్రం మొదట స్నానశాలకు వెళ్లండి, చనిపోయినవాళ్లను ఖననానికి ముందు కడిగిన హమామ్ అది. అక్కడి నుంచి బయల్దేరితే మిగతా తోటంతా అర్థమయ్యే వరుసలో వస్తుంది. 1543లో పోయిన మొదటి రాజు సుల్తాన్ కులీ గుంబజు చిన్నగా, సాదాగా ఉంటుంది, 1580లో పోయిన ఇబ్రహీం దగ్గరికి వచ్చేసరికి కొంచెం పెరుగుతుంది, 1612లో పోయిన మహమ్మద్ కులీది ఎత్తైన వేదిక మీద ఆకాశానికి లేస్తుంది. రాజ్యం ఎలా బలిసిందో ఆ మూడింటి మధ్య నడిస్తేనే తెలుస్తుంది. ఇంకో విషయం: లోపల గుంబజు కింద కనిపించే నల్లరాతి సమాధి గుర్తు కోసం పెట్టింది, అసలు ఖననం దాని కింది నేలమాళిగలో. మహమ్మద్ కులీ గుంబజు దగ్గర ఈ ఏర్పాటు బాగా తెలుస్తుంది. రాజులవే కాకుండా మహమ్మద్ కులీ కూతురు హయాత్ బక్షీ బేగం గుంబజు, పక్కపక్కనే ఉన్న ఇద్దరు హకీముల జంట గుంబజులు కూడా తప్పక చూడండి, ఆస్థాన వైద్యులకు రాజుల తోటలోనే చోటిచ్చారంటే వాళ్లకున్న గౌరవం తెలుస్తుంది. చివరి రాజు తానీషా కోసం వెతకొద్దు. ఔరంగజేబు ఆయన్ని దౌలతాబాద్ కోటలో బంధించాడు, సమాధి మహారాష్ట్రలోని ఖుల్దాబాద్‌లో ఉంది. మొదటి నిజాం సమాధి కూడా అక్కడే.

ఇప్పుడు రాళ్లు చదవడం. ముస్లిం సమాధులు మన ప్రాంతంలో ఉత్తర దక్షిణాలుగా ఉంటాయి, తల ఉత్తరానికి, ముఖం పడమటికి, అంటే కాబా వైపు. పైభాగం చూడండి: పలకలా చదునుగా ఉంటే చాలాచోట్ల అది స్త్రీది, మధ్యలో కలందాన్, అంటే కలాలు పెట్టుకునే పెట్టెలా పొడుగాటి గట్టు లేచి ఉంటే పురుషుడిది. అన్నిచోట్లా ఇదే పాటించారని అనుకోవద్దు, ఒక సూచనగా పెట్టుకోండి. రాసినదాంట్లో ఎక్కువ భాగం ఖురాన్ వాక్యాలు, కలిమా (ఇస్లాం విశ్వాస వాక్యం) ఉంటాయి, పేరూ సంవత్సరమూ చివర్లోనో తలవైపో వెతకాలి. అంకెలు నేర్చుకోవడం పది నిమిషాల పని. సున్నా అంటే ఒక చుక్క, ఒకటి నిలువు గీత, రెండుకు పైన ఒక పన్ను, మూడుకు రెండు పళ్లు, అయిదు చిన్న గుండ్రం, ఏడు ఇంగ్లీషు వీ అక్షరం, ఎనిమిది దాన్నే తలకిందులు చేసింది, తొమ్మిది మనం రాసే 9 లాగే ఉంటుంది. అంకెలు మాత్రం ఎడమ నుంచి కుడికే చదవాలి. వాటి కింద సాగదీసిన గీత ఉంటే అది సన్ అనే మాట, దాని మీద ఉన్నది సంవత్సరమని ఖాయం చేసుకోవచ్చు.

ఆ సంవత్సరం సాధారణంగా హిజ్రీలో, అంటే ఇస్లామిక్ క్యాలెండర్‌లో ఉంటుంది. దాన్ని 0.97తో గుణించి 622 కలపండి. అబ్దుల్లా కుతుబ్‌షా పోయింది హిజ్రీ 1083లో, లెక్క వేస్తే 1672 వస్తుంది, సరిగ్గా అదే. మహమ్మద్ కులీది 1020, లెక్కలో 1611 వస్తుంది గానీ ఆయన పోయింది 1612 జనవరిలో. అంటే ఒక ఏడాది అటూఇటూ అవుతుంది, నెల కూడా తెలిస్తేనే పక్కా తేదీ వస్తుంది. కొన్ని రాళ్ల మీద అంకెలే ఉండవు, ఒక పద్యం ఉంటుంది, దాని చివరి పాదంలోనే తేదీ దాచి ఉంటుంది. అరబ్బీ అక్షరాలకు విలువలున్నాయి, వాటిని కూడితే సంవత్సరం వస్తుంది, దీన్ని అబ్జద్ అంటారు. చార్మినార్ కట్టిన ఏడుకు గుర్తుగా చెప్పే యా హాఫిజ్ అనే మాట ఇందుకు మంచి ఉదాహరణ: పది, ఒకటి, ఎనిమిది, ఒకటి, ఎనభై, తొమ్మిది వందలు, మొత్తం 1000. హిజ్రీ 1000 మొదలైంది 1591లో. మీకు చదవడం రాకపోతే ఆ పాదం ఫొటో స్పష్టంగా తీసి ఉర్దూ తెలిసిన పెద్దవాళ్లకు చూపించండి, ఈ ఊళ్లో అలాంటివాళ్లకు కొదవ లేదు, పైగా ఎంతో ఇష్టంగా విప్పి చెబుతారు.

పాతబస్తీ రోజును మక్కా మసీదుతో మొదలుపెట్టండి. రెండో నిజాం నుంచి ఆరో నిజాం మహబూబ్ అలీ ఖాన్ దాకా ఆ ఆవరణలోనే ఉన్నారు, 2023 జనవరిలో ఏడో నిజాం మనవడు ముకర్రం జాను కూడా అక్కడే ఖననం చేశారు. ఏడో నిజాం మాత్రం కింగ్ కోఠీ ఎదురుగా మసీదె జూదీలో, తల్లి పక్కన ఉన్నాడు. అంత ధనవంతుడి సమాధి అంత నిరాడంబరంగా ఉండటం చూడాల్సిన విషయమే. అక్కడి నుంచి సుల్తాన్‌షాహీలోని దాయిరా మీర్ మోమిన్ అనే ఖబరస్తాన్‌కు వెళ్లండి. ఈ జాబితాలో ఒక్కటే చూసే వీలుంటే నేను దీన్నే చూడమంటాను. మీర్ మోమిన్ ఇరాన్‌లోని అస్తరాబాద్ నుంచి వచ్చి మహమ్మద్ కులీకి పీష్వా, అంటే దివాను అయ్యాడు, చార్మినార్ చుట్టూ ఊరికి ప్లాన్ వేసింది ఆయనే. కర్బలా నుంచి మట్టి తెప్పించి ఈ నేలలో కలిపించాడని అంటారు. అందుకే నాలుగు వందల ఏళ్లుగా ఇక్కడే మట్టి కావాలని కోరుకున్నవాళ్లు ఎందరో, నిజాంల దివాన్లు సాలార్‌జంగ్‌లు ముగ్గురూ ఇక్కడే ఉన్నారు. మ్యూజియం చూసినవాళ్లలో ఎంతమంది ఈ సమాధి దగ్గరికి వచ్చారో అనిపిస్తుంది. ఇది ఇప్పటికీ ఖననాలు జరిగే చోటు, మొహర్రం రోజుల్లో జనం ఎక్కువ, చూడటానికని ఆ రోజుల్లో వెళ్లకండి.

సంతోష్‌నగర్ దగ్గర పిసల్‌బండలో పాయిగా సమాధులు ఉంటాయి. నిజాం తర్వాత అంతటి హోదా ఉన్న కుటుంబం, 18వ శతాబ్దం చివరి నుంచి తరతరాలు ఇక్కడే. డంగుసున్నంతో చేసిన జాలీలు (చిల్లుల అల్లిక తెరలు) చూడటానికి టైం తీసుకోండి, ఏ రెండూ ఒకేలా ఉన్నట్టు అనిపించవు. మలక్‌పేట వైపు మెట్రో దిగి ఆటోలో ఆస్మాన్‌గఢ్ గుట్ట ఎక్కితే నిజాం దగ్గర కొలువు చేసిన ఫ్రెంచి జనరల్ రేమండ్ సమాధి స్తంభం. 1798 మార్చిలో పోయాడు, అదే ఏడాది అక్టోబరులో ఆయన నడిపిన ఫ్రెంచి పటాలాల ఆయుధాలు ఇంగ్లీషువాళ్లు లాక్కున్నారు. హిందువులు ఆయన్ని మూసారామ్ అన్నారు, ముస్లింలు మూసా రహీమ్ అన్నారు, చాలాకాలం ఏటా దీపాలు పెట్టి ఉర్సు కూడా చేశారు. నల్లరాతి స్తంభం మీద జేఆర్ అనే ఆయన పేరు పొడి అక్షరాలు తప్ప ఇంకేం రాయలేదు. పక్కనున్న మండపం 2001లో కూలిపోతే మళ్లీ కట్టారు. ఓపిక ఉంటే ఉప్పుగూడలో 17వ శతాబ్దపు ఆర్మేనియన్, డచ్చి సమాధులు కూడా ఉన్నాయి, దారి అడుక్కుంటూ వెళ్లాలి. కవిత్వం ఇష్టమైతే నాంపల్లి యూసుఫైన్ దర్గా, ఉర్దూ కవులు దాగ్ దెహల్వీ, అమీర్ మీనాయీ ఇద్దరూ అక్కడే.

మూడో రోజు మౌలాలి గుట్ట కింద మహలఖా బాయి చందా సమాధితో మొదలుపెట్టొచ్చు. కవయిత్రి, నిజాం కొలువులో పెద్ద మాట ఉన్న మనిషి. 1792లో తల్లికి కట్టించిన తోటలోనే 1824లో తననూ పడుకోబెట్టారు. సికింద్రాబాద్‌లో పరేడ్ గ్రౌండ్ దగ్గర, భోయిగూడలో, తిరుమలగిరిలో క్రైస్తవ శ్మశానాలు ఉన్నాయి, నగరంలో నారాయణగూడ. కోఠీలో పాత బ్రిటిష్ రెసిడెన్సీ భవనం ఉన్న మహిళా యూనివర్సిటీ ఆవరణలోనూ ఇంగ్లీషువాళ్ల చిన్న శ్మశానం ఉంది, దానికి ఆఫీసులో అనుమతి అడగాలి. కంటోన్మెంట్ వైపు ఐడీ కార్డు దగ్గరుంచుకోండి, కెమెరా తీసే ముందు అడగండి. 1806లో కంటోన్మెంట్ వచ్చాక పోయినవాళ్ల రాళ్ల మీద రెజిమెంటు పేరు, వయసు, ఒక్కోసారి జబ్బు పేరు కూడా ఉంటాయి. వయసులు చదువుతూ పోతే గుండె బరువెక్కుతుంది, ఏడాది నిండని పిల్లలు, ఇరవై దాటని తల్లులు. నారాయణగూడలో తెలుగు రాళ్లు చూడండి, ప్రభువునందు నిద్రించెను అన్న మాట, కింద ఒక వాక్యం, పుట్టిన ఊరు. ఏ పల్లె నుంచి ఈ నగరానికి వచ్చారో ఆ ఊరిపేరే చెబుతుంది. నవంబరు 2న సమాధుల పండుగకు కుటుంబాలు వచ్చి సున్నం వేసి పూలు, కొవ్వొత్తులు పెడతాయి, ఆ రోజు చూడటానికి కాక పలకరించడానికి వెళ్లండి.

ఎక్కడికి వెళ్లినా కొన్ని పద్ధతులు తప్పవు. దర్గాల్లో చెప్పులు విడవాలి, తల కప్పుకోవాలి. సమాధి మీద కూర్చోవడం, బ్యాగు పెట్టడం చేయొద్దు. చాదర్ కప్పి ఉంటే రాయి చదవాలని మీరే తీయకండి, దర్గా చూసుకునే ముజావర్‌ను అడగండి, కుదిరితే ఆయనే తీసి చూపిస్తాడు. ఖననం జరుగుతుంటే కెమెరా లోపల పెట్టేసి పక్కకు తప్పుకోండి. పార్సీగుట్ట వైపు పార్సీలు శవాలను ఉంచే దఖ్మాలోకి బయటివాళ్లకు ప్రవేశం లేదు, పట్టుబట్టి అడగొద్దు.

రాయి మీద సుద్దముక్క, పిండి, నూనె, యాసిడ్, ఇనుప బ్రష్ ఏదీ వాడకూడదు. అక్షరాలు కనపడాలని సుద్ద రుద్దడం చాలామంది చేస్తారు, ఆ గీతలు రాయిని తినేస్తాయి. టార్చి పక్క నుంచి వేస్తే చాలు, లేకపోతే చిన్న అద్దంతో ఎండను మళ్లించండి. మురికి ఉంటే మామూలు నీళ్లు చిలకరించి మెత్తటి కుంచెతో తుడవండి, రాయి పొరలు పొరలుగా లేస్తుంటే అది కూడా వద్దు. ఫొటోలు మూడు రకాలు తీయాలి: చుట్టుపక్కలతో సహా ఒకటి, రాయి మొత్తం ఒకటి, రాత దగ్గర నుంచి ఒకటి. లొకేషన్ ఆన్ చేసి పెట్టండి. రాసుకునేటప్పుడు కనిపించింది కనిపించినట్టే రాయండి, చెరిగిపోయిన చోట చుక్కలు పెట్టండి, ఊహించి నింపొద్దు.

ఇంగ్లీషు సమాధి గురించి ఇంకా తెలుసుకోవాలంటే మార్గం ఉంది. సికింద్రాబాద్ చర్చిల ఖనన రిజిస్టర్ల నకళ్లు మద్రాసు ప్రెసిడెన్సీ పేరు కింద లండన్ బ్రిటిష్ లైబ్రరీలో ఉంటాయి, కాబట్టి హైదరాబాద్ అని కాక మద్రాసు అని వెతకాలి. 1976లో మొదలైన బ్రిటిష్ అసోసియేషన్ ఫర్ సెమెటరీస్ ఇన్ సౌత్ ఏషియా కూడా ఇలాంటి రాతలు సేకరిస్తుంది, మీ ఫొటోలు వాళ్లకు పనికొస్తాయి. రాయి విరిగినా, గోడ పడగొట్టినా, కొత్త కట్టడం మొదలైనా తేదీ ఉన్న ఫొటోతో చెప్పండి: గుంబజులకు, పాయిగాకు హెరిటేజ్ తెలంగాణకు, ఖబరస్తాన్లకు వక్ఫ్ బోర్డుకు, క్రైస్తవ శ్మశానాలకు ఆ చర్చి కమిటీకి. పాత ఫొటో ఒకటి మీ దగ్గర ఉంటే అదీ జతచేయండి, ముందు ఎలా ఉండేదో చూపించకపోతే ఫిర్యాదు ముందుకు కదలదు.