రోడ్డు విస్తరణపై వేసిన కేసును వాపసు తీసుకోవాలంటే

తిరుపతిలో అయినా చిత్తూరులో అయినా గోడ మీద మార్కింగ్ పడగానే చాలామంది స్టే (పనులు తాత్కాలికంగా ఆపే ఉత్తర్వు) కోసం కోర్టుకు వెళ్తారు. తర్వాత కార్పొరేషన్‌తో మాట కుదిరితే "ముందు కేసు వాపసు తీసుకోండి, మిగతాది చూద్దాం" అనే మాట వినబడుతుంది. ఆ నోటిమాట నమ్మి సంతకం పెట్టొద్దు. కేసు ముగిసిన రోజే స్టే కూడా పోతుంది. ఎన్ని గజాలు పోతున్నాయి, పరిహారం డబ్బుగానా టీడీఆర్ బాండుగానా (పోయిన స్థలానికి బదులు ఇచ్చే, బదిలీ చేసుకోగల నిర్మాణ హక్కు పత్రం), మిగిలిన స్థలంలో కట్టుకోవడానికి ప్లాన్ ఎలా ఇస్తారు అన్నది కమిషనర్ సంతకంతో రాతపూర్వకంగా వచ్చాకే కదలండి.

రిట్ పిటిషన్ (అధికారుల చర్య మీద నేరుగా హైకోర్టులో వేసేది) అయితే అమరావతిలోని హైకోర్టులో, ఇంజంక్షన్ దావా (ఫలానా పని చేయొద్దని ఆదేశం కోరేది) అయితే అది వేసిన సివిల్ కోర్టులోనే వాపసుకు అడగాలి. కేసు ఏ దశలో ఉందో ఈ-కోర్ట్స్ యాప్‌లో 16 అక్షరాల సీఎన్ఆర్ నంబరు (ప్రతి కేసుకూ ఇచ్చే ప్రత్యేక గుర్తింపు నంబరు) కొట్టి చూసుకోవచ్చు.

వాపసు ఎందుకో, ఏ షరతు మీదో రాసి, సంతకం పెట్టి మీ లాయర్‌కు ఇవ్వండి. ఆయన మెమో (కోర్టుకు ఇచ్చే చిన్న రాతపూర్వక వినతి) గానీ, అఫిడవిట్‌తో (ప్రమాణ పత్రంతో) పిటిషన్ గానీ వేస్తారు. కాపీ ప్రభుత్వ ప్లీడర్‌కు, కార్పొరేషన్ స్టాండింగ్ కౌన్సిల్‌కు (దాని తరఫు లాయర్‌కు) అందాలి.

అసలు చూసుకోవాల్సింది పిటిషన్‌లో అడిగే అభ్యర్థన. "వాపసుకు అనుమతించండి" అని మాత్రమే రాస్తే అదే విషయం మీద మళ్లీ కేసు వేసే దారి మూసుకుపోతుంది. సివిల్ దావాలకు సీపీసీ (సివిల్ కేసుల విధానం చెప్పే చట్టం) ఆర్డర్ 23 రూల్ 1 ఈ మాటే చెబుతుంది, ఖర్చులు కూడా మీ మీద పడొచ్చు. రిట్‌లకూ ఇదే సూత్రం వర్తిస్తుందని సుప్రీంకోర్టు 1986లో తేల్చింది. అందుకే "అవసరమైతే తాజాగా కేసు వేసుకునే స్వేచ్ఛతో" అనే మాట అడగాలి. తగిన కారణం చూపితేనే కోర్టు ఇస్తుంది. ఆర్డర్‌లో ఆ మాట లేకపోతే లాయర్ నోటితో చెప్పిన హామీ పనికిరాదు.

నన్నడిగితే, షరతులు కుదిరినప్పుడు వాపసు కన్నా రాజీయే మేలు. ఆర్డర్ 23 రూల్ 3 కింద రాజీ డిక్రీ (రాజీ షరతులతో కోర్టు ఇచ్చే తీర్పు) తీసుకుంటే కార్పొరేషన్ మాట తప్పినా అమలుకు అడగొచ్చు. హైకోర్టులో అయితే వాళ్ల హామీని ఆర్డర్‌లో నమోదు చేయమని లాయర్‌తో అడిగించండి.

వీధి దుకాణదారులందరూ కలిసి దావా వేసి ఉంటే, మిగతా వాదుల సమ్మతి లేకుండా ఒక్కరికి వాపసు అనుమతి ఇవ్వరు. అన్నదమ్ముల ఉమ్మడి ఆస్తి అయితే అందరితో ముందే మాట్లాడుకోండి. వాదుల్లో మైనర్ ఉంటే కోర్టు అనుమతి ప్రత్యేకంగా కావాలి.

ఆర్డర్ వచ్చాక సర్టిఫైడ్ కాపీకి దరఖాస్తు చేసి, చేతికి రాగానే ఆ స్వేచ్ఛ మాట ఉందో లేదో చివరి పేరా చదవండి. ఒక కాపీ టౌన్ ప్లానింగ్ విభాగంలో ఇచ్చి, తేదీ, ముద్ర ఉన్న రసీదు తీసుకోండి.