పెద్ద విమానం లోపలి సిస్టమ్స్ సొంతంగా నేర్చుకోవడం ఎలా?

ముందు ఒక్క విమానాన్నే పట్టుకోండి, బోయింగూ ఎయిర్‌బస్సూ కలిపి చదివితే ఏదీ ఎక్కదు. నేనైతే ఎయిర్‌బస్ ఏ320 అంటాను, శంషాబాద్‌లో ఫ్లైట్ ఎక్కితే చాలాసార్లు తగిలేది ఆ ఫ్యామిలీనే కాబట్టి చదివింది సీట్లో కూర్చునే సరిచూసుకోవచ్చు.

రెండోది, చెవులు పెట్టి వినండి. ఇంజిన్ స్టార్ట్ చేసేముందు ఏసీ గాలి ఆగిపోద్ది గమనించారా, తోకలో ఉండే ఏపీయూ అనే చిన్న ఇంజిన్ గాలి మొత్తం అప్పుడు పెద్ద ఇంజిన్‌ని తిప్పడానికే వెళ్తుంది. లైట్లు ఓసారి మిణుక్కుమన్నాయంటే కరెంటు ఏపీయూ నుంచి ఇంజిన్ జనరేటర్‌కి మారినట్టు.

ఇప్పుడు పేపరు, పెన్ను. హైడ్రాలిక్స్‌తో, అంటే ఆయిల్ ప్రెషర్‌తో విమానం భాగాల్ని కదిపే సిస్టమ్‌తో మొదలెట్టండి, నాకు అన్నిటికంటే ఇష్టమైంది ఇదే. విడివిడి ఆయిల్ లైన్లు మూడు, వాటికి రంగుల పేర్లే, కాబట్టి మూడు గీతలు: గ్రీన్‌కి ఒకటో ఇంజిన్ పంపు, ఎల్లోకి రెండో ఇంజిన్ పంపు, బ్లూకి కరెంటు పంపు, మూడింట్లోనూ 3000 పీఎస్ఐ. గీశాక ఒకటో ఇంజిన్ కొట్టేయండి. గ్రీన్ పోవాలి కదా, పోదు, రెండింటి ప్రెషర్ తేడా 500 పీఎస్ఐ దాటగానే పీటీయూ అనే యూనిట్ అందుకుని ఎల్లో ప్రెషర్‌తో గ్రీన్‌ని నడిపిస్తుంది, ఆయిల్ మాత్రం అటుది ఇటు కలవదు. క్యాబిన్ నేల కింద కుక్క మొరిగినట్టు వినపడేది ఇదే. ఇప్పుడు జనరేటర్లన్నీ కొట్టేయండి, ర్యాట్ అనే చిన్న ఫ్యాన్ బయటికి దిగి ఎదురుగాలికి తిరుగుతూ బ్లూని బతికిస్తుంది, ఆ బ్లూనే ఎమర్జెన్సీ జనరేటర్‌ని తిప్పుతుంది. ప్రతి సిస్టమ్‌నీ ఇలాగే, ఇది పోతే ఎవరు ఆదుకుంటారు అని అడుగుతూ చదవండి, బట్టీ అక్కర్లేదు.

ఒక యాక్సిడెంట్ రిపోర్ట్ కూడా పక్కన పెట్టుకోండి. 2009 జనవరి 15న న్యూయార్క్‌లో పక్షులు తగిలి ఏ320 రెండు ఇంజిన్ల పవరూ పోతే, కెప్టెన్ సల్లెన్‌బర్గర్ చెక్‌లిస్టులో ఆ లైను వచ్చేదాకా ఆగకుండా ఏపీయూ ఆన్ చేశారు, దాంతో కరెంటు నిలబడి, విమానం అదుపు తప్పకుండా కంప్యూటర్లు కాపాడే ఫ్లైట్ కంట్రోల్ ప్రొటెక్షన్లు హడ్సన్ నదిలో దిగేదాకా పనిచేశాయి. 155 మందీ బతికారు. సిస్టమ్స్ తెలిసుండటం అంటే ఇదండీ.

ఫ్లైట్ కంట్రోల్స్, అంటే విమానాన్ని తిప్పే, లేపే, దించే సిస్టమ్, చివర్లో పెట్టుకోండి, అక్కడ ఏడు కంప్యూటర్లు, కరెంటూ హైడ్రాలిక్సూ రాకుండా అవి అర్థం కావు.

ఆ తర్వాత బోయింగ్ 737కి వెళ్లండి. మెయింటెనెన్స్ మాన్యువల్‌లో చాప్టర్ నంబర్లు అవే, కరెంటు 24, హైడ్రాలిక్స్ 29. కానీ దానికి ర్యాట్ లేదు, మెయిన్ హైడ్రాలిక్స్ రెండూ పోతే పైలట్లు విమానాన్ని చాలావరకు కేబుల్స్‌తో చేతిబలం మీదే తిప్పాలి. ఆ బొమ్మ మీరే గీసి చూడండి.