మిద్దె మీద నిలబడి నావికుల లెక్క కట్టడం ఎలా

అనంతపురం జిల్లాలో పుట్టి పెరిగిన పిల్లలకు వాస్కోడిగామా, మాజెలాన్, కుక్ అనే పేర్లు పరీక్ష కోసం బట్టీ పట్టే సంవత్సరాలుగానే పరిచయమవుతాయి. నాలుగు దిక్కులా నీరు తప్ప మరేమీ కనిపించని చోట, తానెక్కడున్నదీ తెలియని మనిషి అవస్థ సముద్రం చూడని వారి ఊహకు సులభంగా అందదు. ఆ అవస్థ తెలియనిదే ఆ యాత్రల గొప్పతనం కూడా తెలియదు. గట్టి ఓడ, అనుకూలమైన గాలి, తెగువ గల మనుషులు అన్నీ ఉండి కూడా, ‘ఇప్పుడు మనం ఎక్కడున్నాం’ అన్న ఒక్క ప్రశ్నకు జవాబు దొరకక రాళ్లకు గుద్దుకొని మునిగిన నౌకలు ఎన్నో ఉన్నాయి. ఆ జవాబును నావికులు ఎలా రాబట్టేవారో స్వయంగా చేసి చూడడానికి సముద్రం అక్కర్లేదు. వానలు తక్కువగా కురిసే మన ప్రాంతపు తేట ఆకాశం, ఉత్తరం వైపు అడ్డు లేని ఒక మిద్దె, జామెట్రీ బాక్సులోని కోణమానిని ఉంటే చాలు.

ముందుగా పరికరం చేసుకోవాలి. కోణమానిని తిన్నటి అంచు పొడవునా ఒక సన్నని స్ట్రాను సెల్లోటేపుతో అంటించాలి. ఆ అంచు నడుమ ఉండే కేంద్రబిందువు దగ్గర దారం కట్టి, దాని చివర ఒక ఇనుప నట్టును వేలాడదీయాలి. వంపు భాగం కిందికి ఉండేలా పట్టుకొని స్ట్రాలో నుంచి ఎదురుగా చూస్తే దారం సరిగ్గా 90 మీద నిలుస్తుంది. స్ట్రాను పైకెత్తి నక్షత్రాన్ని చూసినప్పుడు దారం 90 నుంచి ఎన్ని డిగ్రీలు జరిగిందో, నక్షత్రం దిగంతం నుంచి అన్ని డిగ్రీల ఎత్తులో ఉన్నట్టు. పదిహేనో శతాబ్దపు పోర్చుగీసు, స్పానిష్ నావికులు వాడిన క్వాడ్రెంటు కూడా ఇదే సూత్రం మీద పనిచేసింది. ఓడ ఊగినప్పుడల్లా వారి గుండు ఊగిపోయేది. మన మిద్దె ఊగదు కాబట్టి ఈ విషయంలో వారి కంటే మనకే సౌకర్యం ఎక్కువ.

ఇక ధ్రువ నక్షత్రాన్ని గుర్తుపట్టాలి. అది దిగంతం నుంచి ఎన్ని డిగ్రీల ఎత్తులో ఉంటే, మనమున్న చోటి అక్షాంశం, అంటే భూమధ్యరేఖ నుంచి ఉత్తరానికి మన దూరం, అన్ని డిగ్రీలే. అది ఆకాశంలో అన్నిటికంటే ప్రకాశవంతమైనదని చాలామంది అనుకుంటారు కానీ, అది మధ్యస్థమైన వెలుగు గల చుక్క మాత్రమే. ఏప్రిల్, మే నెలల్లో రాత్రి ఎనిమిది దాటాక ఉత్తరాన సప్తర్షి మండలం స్పష్టంగా కనిపిస్తుంది. అందులో చివరనున్న పులహుడు, క్రతువు అనే రెండు నక్షత్రాలను కలిపే గీతను, ఆ రెంటి మధ్య దూరానికి ఐదింతలు పొడిగిస్తే ధ్రువుడి దగ్గరకు చేరుతుంది. చలికాలంలో సాయంత్రం పూట సప్తర్షులు దిగంతం కింద ఉంటారు కాబట్టి, ఆ రోజుల్లో W ఆకారంలో ఉండే శర్మిష్ఠ (కాసియోపియా) అనే చుక్కల గుంపు సాయం తీసుకోవాలి. మన ప్రాంతంలో ధ్రువుడు చాలా కిందుగా, చేయి చాచి పట్టుకొన్న ఒకటిన్నర పిడికిలి ఎత్తులోనే ఉంటాడు. అందువల్ల పొరుగింటి నీళ్ల ట్యాంకు కూడా అడ్డు రావచ్చు. ఊళ్లో కంటే చెరువు కట్ట మీదికో, చేని గట్టు మీదికో వెళ్లడం మేలు.

కొలిచేటప్పుడు ఇద్దరు ఉండాలి. ఒకరు స్ట్రాలో నుంచి నక్షత్రాన్ని పట్టి కదలకుండా నిలబడితే, రెండోవారు దారాన్ని వేలితో కోణమానినికి అదిమి, టార్చి వేసి అంకె చదవాలి. నేను మొదటిసారి ఒంటరిగా కొలిచినప్పుడు 17 డిగ్రీలకు పైగా వచ్చింది. అంటే లెక్క ప్రకారం మా ఇల్లు మహబూబ్‌నగర్ దాటిపోయింది. స్ట్రా వెడల్పుగా ఉండడం ఒక కారణం, గాలికి దారం వంగడం మరొక కారణం. తరువాత ఇంకా సన్నని స్ట్రా వాడి, నట్టును ఒక గ్లాసు నీళ్లలో మునిగి ఉండేలా వేలాడదీశాను. నీరు ఊపును ఆపేయడంతో దారం వెంటనే నిలకడకు వచ్చింది. ఐదుసార్లు కొలిచి సగటు తీస్తే 15కు కాస్త తక్కువ వచ్చింది. అనంతపురం అసలు అక్షాంశం 14.7 డిగ్రీలు. ధ్రువుడి ఎత్తే ఆ చోటి అక్షాంశమన్న మాట పుస్తకంలో చదవడం వేరు, రాత్రి పూట సొంత చేతులతో రాబట్టడం వేరు.

ఒక్క డిగ్రీ అక్షాంశం నేల మీద సుమారు 111 కిలోమీటర్లు. అనంతపురంలో నిలబడి డిగ్రీకి కాస్త ఎక్కువ చదివితే కర్నూలులో ఉన్నట్టు, దాదాపు రెండు డిగ్రీలు తక్కువ చదివితే బెంగళూరులో ఉన్నట్టు లెక్క తేలుతుంది. కొలంబస్ 1492 నవంబరులో క్యూబా తీరాన క్వాడ్రెంటుతో కొలిచి 42 డిగ్రీలని రాసుకొన్నాడు. ఆ తీరం నిజానికి 21 డిగ్రీల దగ్గరుంది. పైగా ఆనాడు ధ్రువ నక్షత్రం ఆకాశ ధ్రువం నుంచి దాదాపు మూడున్నర డిగ్రీలు తప్పి తిరిగేది కాబట్టి, దాని చుట్టుపక్కల చుక్కల స్థితిని బట్టి దిద్దుబాటు చేసుకోవలసి వచ్చేది. నేడు ఆ తేడా డిగ్రీలో మూడింట రెండు వంతుల లోపే ఉంది కనుక మన చేతి పరికరానికి దిద్దుబాటు అవసరం లేదు.

హిందూ మహాసముద్రంలో తిరిగిన అరబ్బు నావికుల ‘కమాల్’ ఇంతకంటే సులువైన సాధనం. ఒక చిన్న చెక్క పలక, దాని నడుమ గుచ్చిన ముడుల తాడు, అంతే. తాడును పళ్ల మధ్య పట్టుకొని, పలక కింది అంచు దిగంతానికీ పై అంచు ధ్రువుడికీ తగిలేలా జరుపుతారు. ఏ ముడి దగ్గర సరిపోతే ఆ ముడికి చెందిన రేవు అక్షాంశంలో ఉన్నట్టు. 10 సెంటీమీటర్ల ఎత్తున్న అట్టముక్కతో దీన్ని మనమూ చేసుకోవచ్చు: కంటి నుంచి 39 సెంటీమీటర్ల దగ్గర ముడి వేస్తే అది అనంతపురం ముడి, 51 సెంటీమీటర్ల దగ్గర వేస్తే కోళికోడు (కాలికట్) ముడి. వాస్కోడిగామా 1498 ఏప్రిల్ 24న ఆఫ్రికా తూర్పు తీరంలోని మలిందిలో దారి తెలిసిన ఒక స్థానిక నావికుడిని వెంటబెట్టుకొని బయలుదేరి, నెల తిరగకముందే మే 20న కోళికోడు దగ్గర లంగరు వేశాడు. తిరుగు ప్రయాణంలో ఎదురుగాలికి చిక్కి అదే సముద్రాన్ని దాటడానికి మూడు నెలలు పట్టింది, నోటి చిగుళ్లు వాచి రక్తం కారే స్కర్వీ వ్యాధితో ఎందరో చనిపోయారు. గాలుల కాలం, రేవు ముడి తెలిసిన ఆ మార్గదర్శికి ఆ యాత్రలో దక్కవలసినంత పేరు దక్కలేదని నా అభిప్రాయం.

భూమధ్యరేఖ దాటి దక్షిణానికి పోతే ధ్రువుడు దిగంతం కింద మునిగిపోతాడు. అప్పుడు సూర్యుడే దిక్కు. గామా మనుషులు 1497 నవంబరులో దక్షిణాఫ్రికా తీరంలో ఒడ్డుకు దిగి సూర్యుడి ఎత్తు కొలిచింది అందుకే. ఈ కొలతను మాత్రం స్ట్రాలో నుంచి సూర్యుణ్ని చూసి చేయకూడదు. క్షణంలో కన్ను శాశ్వతంగా దెబ్బతింటుంది. మన ఖగోళ సిద్ధాంత గ్రంథాల్లో చెప్పిన శంకువు పద్ధతి, అంటే నిలువు కర్ర నీడను కొలవడం, ఇందుకు శ్రేష్ఠమైనది, క్షేమమైనది కూడా.

మట్టంగా ఉన్న మిద్దె మీద మీటరు పొడవున్న కర్రను నిలువుగా నిలబెట్టాలి. గోడ నిలువు చూసుకోవడానికి మేస్త్రీలు వాడే గుండుతో దాని నిలువును రెండు వైపుల నుంచీ సరిచూసుకోవాలి. కర్ర మొదలు కేంద్రంగా మీటరు వ్యాసార్ధంతో సుద్దతో వృత్తం గీయాలి. ఉదయం పూట నీడ కొస కురచవుతూ వచ్చి వృత్తాన్ని తాకిన నిమిషాన్నీ, మధ్యాహ్నం మళ్లీ సాగి తాకిన నిమిషాన్నీ రాసుకోవాలి. ఆ రెండింటికీ సరిగ్గా నడిమి సమయమే స్థానిక మధ్యాహ్నం. రెండు గుర్తులను కలిపే గీత మధ్యబిందువు నుంచి కర్ర మొదలుకు గీసిన గీత ఉత్తర దక్షిణాలను చూపుతుంది. దీనికి డిసెంబరు 25 చాలా అనువైన రోజు. అనంతపురంలో ఆ రోజు నీడ ఉదయం 10:42 ప్రాంతంలో ఒకసారి, మధ్యాహ్నం 1:58 ప్రాంతంలో మరోసారి వృత్తాన్ని తాకుతుంది. నడిమి సమయం 12:20. అప్పటి నీడ పొడవు 78 సెంటీమీటర్లు. కాగితం మీద 100 మిల్లీమీటర్ల నిలువు, 78 మిల్లీమీటర్ల అడ్డంతో త్రిభుజం గీసి పై కోణాన్ని కొలిస్తే 38 డిగ్రీలు వస్తుంది. ఆ రోజున సూర్యుడు భూమధ్యరేఖకు దక్షిణంగా 23.4 డిగ్రీల దూరంలో ఉంటాడు కాబట్టి దాన్ని తీసివేస్తే అక్షాంశం మళ్లీ 14.6 దగ్గర తేలుతుంది.

అదే కర్ర రేఖాంశాన్ని కూడా చెబుతుంది. డిసెంబరు 25ను ఎంచుకోవడానికి కారణం, ఆ రోజు సూర్యుడు గడియారంతో దాదాపు సరిగ్గా నడుస్తాడు. మిగతా రోజుల్లో పావుగంట దాకా ముందువెనుకలు ఉంటాయి. భారత ప్రామాణిక సమయం 82.5 డిగ్రీల తూర్పు రేఖాంశానిది. భూమి ఒక డిగ్రీ తిరగడానికి నాలుగు నిమిషాలు పడుతుంది. మన మధ్యాహ్నం ఇరవై నిమిషాలు ఆలస్యమైందంటే మనం ఆ రేఖకు ఐదు డిగ్రీలు పడమరన, అంటే 77.5 దగ్గర ఉన్నాం. అసలు విలువ 77.6.

చేతిలో ఫోను ఉన్న మనకు ఇంత తేలికైన ఈ లెక్క రెండు వందల ఏళ్లకు పైగా నావికులను ఏడిపించింది. ఎందుకంటే బయలుదేరిన రేవు సమయాన్ని నెలల తరబడి తప్పకుండా చూపే గడియారం ఎవరి దగ్గరా లేదు. మాజెలాన్ 1519లో ఐదు ఓడలతో, రెండు వందలకు పైగా మనుషులతో బయలుదేరి, 1521లో ఫిలిప్పీన్స్‌లోని మక్తాన్ దీవిలో చనిపోయాడు. ఎల్కానో నాయకత్వంలో ‘విక్టోరియా’ అనే ఒక్క ఓడ 18 మందితో 1522 సెప్టెంబరు 6న స్పెయిన్ చేరింది. దారిలో కేప్ వెర్డె దీవుల దగ్గర ఆగినప్పుడు, ఏ రోజూ తప్పకుండా దినచర్య రాసిన పిగాఫెట్టా లెక్కలో అది బుధవారం కాగా, ఒడ్డున ఉన్నవారికి గురువారం. నాలుగేసి నిమిషాల చొప్పున 360 డిగ్రీలూ కలిస్తే ఒక పూర్తి రోజు అవుతుందని మన మిద్దె మీది కర్ర చెప్పే లెక్కే అది. 1707లో ఇంగ్లండు పక్కనే ఉన్న సిల్లీ దీవుల రాళ్ల మీద నాలుగు యుద్ధనౌకలు పగిలి వెయ్యి మందికి పైగా మునిగిపోయాక, 1714లో బ్రిటిష్ పార్లమెంటు రేఖాంశ సమస్యకు బహుమతి ప్రకటించింది. వడ్రంగి పని నుంచి గడియారాల తయారీలోకి వచ్చిన జాన్ హారిసన్ నాలుగో గడియారం 1761లో జమైకాకు బయలుదేరిన ఓడ మీద 81 రోజుల్లో ఐదు సెకన్లు మాత్రమే తప్పింది. దాని నమూనాలో చేసిన మరో గడియారాన్ని కెప్టెన్ కుక్ తన రెండో యాత్రలో, 1772 నుంచి 1775 వరకు, దక్షిణ సముద్రాల్లో పరీక్షించి నమ్మదగినదని తేల్చాడు.

అంతరిక్షంలో పైకి, కిందికి అన్న మాటకు అర్థం లేదు, దిగంతం లేదు. అక్కడి నావకు దిక్కు చూపే చుక్కను కూడా మన మిద్దె మీద నుంచే కొలవవచ్చు. ఫిబ్రవరి నడిమి రోజుల్లో రాత్రి తొమ్మిది ప్రాంతంలో దక్షిణం వైపు తిరిగితే, పైన మిక్కిలి ప్రకాశించే సిరియస్, దాని కింద బాగా దిగువన దానికి రెండో స్థానంలో వెలిగే మరో చుక్క కనిపిస్తాయి. ఆ కింది చుక్క అగస్త్య నక్షత్రం. సముద్రాన్ని ఆపోశన పట్టాడని పురాణం చెప్పే ముని పేరు గల ఈ నక్షత్రాన్నే ఖగోళ శాస్త్రం కెనోపస్ అంటుంది. 1964 నవంబరులో అంగారకుడి వైపు బయలుదేరిన అమెరికా అంతరిక్ష నౌక మెరినర్ 4 సూర్యుణ్ని ఒక గుర్తుగా, అగస్త్యుణ్ని రెండో గుర్తుగా పెట్టుకొంది. మొదట్లో దాని పరికరం వేరే చుక్కలను అగస్త్యుడని పొరబడింది. ఓడ నుంచి రాలిన చిన్న రేణువుల మెరుపులు కూడా దాన్ని దారి తప్పించాయి. 1977లో వెళ్లిన రెండు వాయేజర్ నౌకల్లోని నక్షత్ర పరికరానికి పేరే కెనోపస్ ట్రాకర్. 3.7 మీటర్ల వాటి యాంటెన్నా భూమి వైపు తిరిగి ఉంటేనే కబురు అందుతుంది కనుక ఆ గురి ఎంత అవసరమో ఊహించవచ్చు. మన మంగళయాన్‌లోనూ చుక్కలను చూసే పరికరాలు ఉండేవి.

కోణమానినితో అగస్త్యుడి ఎత్తును ఆ చుక్క ఉత్తర దక్షిణ గీతను దాటుతున్న వేళ, అంటే అది అన్నిటికంటే పైకెక్కినప్పుడు కొలవాలి. అనంతపురంలో 22.6 వస్తుంది. ఆ అంకెను 37.3 నుంచి తీసివేస్తే అక్షాంశం వస్తుంది, ఎందుకంటే అగస్త్యుడు ఆకాశ మధ్యరేఖకు, అంటే భూమధ్యరేఖకు సరిగ్గా పైన ఆకాశంలో ఊహించే గీతకు, 52.7 డిగ్రీలు దక్షిణాన ఉన్నాడు; 90 నుంచి 52.7 తీసివేస్తే వచ్చేదే ఆ 37.3. ఉత్తరాన ధ్రువుడు, దక్షిణాన అగస్త్యుడు ఒకే జవాబు చెప్పడం చూసిన రోజున నాకు కలిగిన ఆనందం ఇంకా గుర్తుంది. 1968 డిసెంబరులో చంద్రుణ్ని చుట్టి తిరిగివస్తున్న అపోలో 8లో జిమ్ లోవెల్ పొరపాటున ఒక తప్పు మీట నొక్కి కంప్యూటరులోని దిశ వివరాలను చెరిపేసినప్పుడు, కోణాలు కొలిచే సెక్స్టెంటుతో నక్షత్రాలను పట్టుకొని ఆ వివరాలను మళ్లీ నింపాడు. ఆయన చేసింది కూడా చుక్కను పట్టి కోణం చదవడమే.

ఈ కొలతలను ఒక్కరే చేయడం కంటే బంధువుల సాయంతో రెండు ఊళ్లలో ఒకే రోజు చేయడం మేలు. అక్షాంశానికి కర్నూలులో ఉన్నవారిని అడగాలి. అక్కడ ధ్రువుడు 15.8 డిగ్రీల ఎత్తులో ఉంటాడు. రెండు ఊళ్ల తేడాను 111తో గుణిస్తే ఉత్తర దక్షిణ దూరం 120, 130 కిలోమీటర్ల మధ్య వస్తుంది. రేఖాంశానికి మాత్రం కడప కావాలి. ధ్రువుడి ఎత్తులో ఈ రెండు ఊళ్లకూ తేడా కోణమానినికి అందనంత చిన్నది కానీ, డిసెంబరు 25న కడప మిద్దె మీది కర్ర నడిమి సమయం 12:15 చూపితే మనది 12:20 చూపుతుంది. ఆ ఐదు నిమిషాలే రెండు ఊళ్ల మధ్య తూర్పు పడమరల దూరం.